సున్నా లేని పేరు

బందరు కోనేరు సెంటరుకి రెండు వీధుల అవతల ఒక జిరాక్సు షాపుంది. ఇంటర్నెట్టు కూడా ఉంది కాబట్టి జనం రకరకాల దరఖాస్తులు పట్టుకుని అక్కడికే వస్తారు. కంప్యూటరు ముందు కూర్చుని వాళ్ల పేర్లూ, తండ్రుల పేర్లూ, తల్లుల పేర్లూ కొట్టి పెట్టే మనిషి వీరదుర్గ. పదిహేనేళ్లుగా అదే కుర్చీ. అక్షరం తప్పు పోనివ్వదని, అనుమానం వస్తే రెండోసారి అడిగి మరీ కొడుతుందని ఆ చుట్టుపక్కల అందరికీ తెలుసు. అలాంటి మనిషి ఒక్క పేరు దగ్గర తప్పు చేసింది. పొరపాటున కాదు, తెలిసి చేసింది. పదమూడేళ్లు ఎవరికీ చెప్పుకోలేకపోయింది.

దుర్గ పుట్టింది దివిసీమలో, కోడూరు దాటాక సముద్రం వైపున్న ఒక పాలెంలో. ఆమె మూడో ఏట తండ్రి పోయాడు. తల్లి అంకమ్మ గంప నెత్తినెత్తుకుని తొలి బస్సుకి అవనిగడ్డ వెళ్లి, వీధి వీధీ తిరిగి చేపలమ్మి పిల్లలిద్దర్నీ పెంచింది. అన్నయ్య పెద్దిరాజు చెల్లెలికన్నా ఆరేళ్లు పెద్ద. రెండో తరగతితో బడి మానేసి మేనమామల పడవెక్కాడు. చెల్లెలు మాత్రం చదువుకోవాలని తల్లీ కొడుకూ పట్టుబట్టారు. ఆ పాలెంలో ఇంటరు పాసైన మొదటి ఆడపిల్ల దుర్గే. అందుకని పెద్దిరాజుకి చెల్లెలంటే కాస్త భక్తి కూడా ఉండేది. ఏదైనా పేచీ వస్తే, "మా దుర్గ చెప్పిందంటే ఇంక తిరుగు లేదు" అనేవాడు. పెళ్లయి బందరు వచ్చేశాక కూడా ఆ మాట మారలేదు.

పద్నాలుగేళ్ల కిందట, మాఘమాసంలో, అంకమ్మ కామెర్లతో పోయింది. అప్పటికి పెద్దిరాజు భార్య మాధవీలతకి ఏడో నెల. రెండు నెలలు తిరిగేసరికి ఆడపిల్ల పుట్టింది. పిల్లని చేతుల్లోకి తీసుకోగానే పెద్దిరాజు, అమ్మే మళ్లీ వచ్చిందన్నాడు. అంకమ్మ అనే పేరే పెట్టాలన్నాడు. బారసాల నాడు పేరు పిలవాల్సింది మేనత్త కాబట్టి, అమ్మ పేరు అమ్మ కూతురి నోటి మీదుగా పిల్ల చెవిలో పడాలని బందరుకి ఫోను చేసి మరీ చెప్పాడు. దుర్గ సరేనంది.

సరే అన్నది గానీ ఆ పేరు ఆమెకి మింగుడు పడలేదు. షాపులో రోజూ చూస్తోంది. వరుసలో నిలబడ్డ మనిషి తన పేరు పోలేరమ్మ అనో, అంకమ్మ అనో చెప్పగానే వెనకున్న కుర్రకారు మొహాలు చూసుకుంటారు. ఈ పిల్ల రేపు కాన్వెంటుకి వెళ్తుంది, కాలేజీకి వెళ్తుంది, హాజరు పిలిచిన ప్రతిసారీ తల దించుకోవాల్సి వస్తుంది అనుకుంది. ఒక మధ్యాహ్నం షాపులో ఎవరూ లేనప్పుడు, ఆడపిల్లల పేర్లు అని కంప్యూటరులో వెతికింది. జాబితాలో 'అన్విక' అని కనబడింది. పక్కన ఇంగ్లీషులో శక్తి, సంపూర్ణత అని ఏదో రాసుంది. అకారంతో మొదలవుతోంది, నాలుగు కాలాల పాటు కొత్తగానే వినబడుతుంది. బారసాలకి ముందు అన్నయ్యతో నెమ్మదిగా చెప్పి ఒప్పించాలనుకుంది. ఆ వారమంతా ఫోను తీసి పెట్టేయడంతోనే సరిపోయింది.

ఇంట్లో మనిషి పోయి ఏడాది తిరగలేదని బారసాల మేళం లేకుండా చేశారు. ఉయ్యాల ముందు పళ్లెంలో బియ్యం పోశారు. పేరు రాయాల్సింది తండ్రి. పెద్దిరాజు ఉంగరం తీసి చెల్లెలి చేతిలో పెట్టాడు. తన రాత కోడి కెలికినట్టుంటుందనీ, అమ్మ పేరు చక్కగా ఉండాలనీ, ఆమెనే రాయమన్నాడు. దుర్గ వంగి బియ్యంలో మూడక్షరాలు రాసింది.

పెద్దిరాజు తొంగి చూశాడు. చదువు రాకపోయినా తల్లి పేరు అతనికి ఆనవాలే. రేషను కార్డు మీద చూశాడు. తన పడవ ముందు భాగాన పచ్చ రంగుతో తనే రాయించుకున్నాడు.

"సున్నా ఏదే? అమ్మ పేర్లో అ పక్కన సున్నా ఉంటది గదా" అన్నాడు.

చుట్టూ పాతికమంది ఉన్నారు.  ఆ క్షణాన నిజం చెప్పి ఉంటే అన్నయ్య కాసేపు అలిగేవాడు, అంతటితో అయిపోయేది. కానీ నోటికి ఇంకో మాట వచ్చింది.

"ఇది అమ్మ పేరే అన్నయ్యా. అంకమ్మని సంస్కృతంలో అన్విక అంటారు."

పెద్దిరాజు మొహం వెలిగిపోయింది. అందరి వైపూ తిరిగి, విన్నారా, మా అమ్మ పేరు సంస్కృతంలో కూడా ఉందట, అన్నాడు. పిల్ల చెవి దగ్గర దుర్గ మూడుసార్లు ఆ పేరు పిలిచింది. మూడోసారి పిలిచాక వంగిన తల ఎత్తలేదు. తల్లి గుర్తొచ్చి ఉంటుందని మాధవీలత ఆమె వీపు నిమిరింది.

ఆ అబద్ధం అక్కడితో ఆగలేదు. పెద్దిరాజు దాన్ని పాలెమంతా చెప్పుకున్నాడు. కూతుర్ని ఎప్పుడూ ముద్దుపేరు పెట్టి పిలిచేవాడు కాదు, నిండుగా "అన్వికా" అనేవాడు. పిలిచి ఊరికే ఒక క్షణం ఆగేవాడు. మూడేళ్ల తర్వాత రెండో ఆడపిల్ల పుట్టింది. అమ్మ పేరు ఎలాగూ పెట్టేశాం కాబట్టి ఈసారి అత్తగారి పేరు పెడదామన్నాడు. ఆ పిల్లకి సువర్ణ అని పెట్టారు. పాతకాలపు పేరు. కాన్వెంటులో ఎవరూ నవ్వలేదు. నిజం చెప్పడానికి దుర్గకి అంతకన్నా మంచి సమయం రాదు. ఇదిగో అన్నయ్యా, ఈ పిల్లకి పెట్టు అంకమ్మ పేరు, అంటే సరిపోయేది. అప్పుడూ కూర్చుని బూరెలు తినేసి వచ్చింది.

ఆ తర్వాతి వేసవిలో, వేట నిషేధం రోజుల్లో, పడవకి కొత్తగా రంగు వేయించారు. ముందు భాగాన తల్లి పేరు వెలిసిపోయింది. ఎలాగూ రెండూ ఒకటే కాబట్టి ఈసారి అన్విక అని రాయిస్తానన్నాడు పెద్దిరాజు. రంగులు వేసే అతనికి తెలుగు సరిగా రాకపోతే, అక్షరాలు పెద్దవిగా కాగితం మీద రాసిచ్చింది దుర్గే. అతను పాత పేరుని గరుకు కాగితంతో రుద్దుతుంటే పచ్చటి పొడి ఇసుకలో రాలింది. ఆమె చూస్తూ నిలబడింది. ఆ రోజు నుంచి ఆమెకి ఆ పిల్లని పేరు పెట్టి పిలవడం కష్టమైపోయింది. "అమ్మలూ" అనేది, "తల్లీ" అనేది.

అన్విక బాగా చదివే పిల్ల. ఆరో తరగతి నుంచి గుడివాడ దగ్గర ఒక హాస్టలు బడిలో చేరింది. పెద్దిరాజుకి వేట వదిలి రావడం కుదరదు కాబట్టి, చూడనిచ్చే ఆదివారాల్లో దుర్గే ఏదో ఒకటి వండుకుని బందరు నుంచి ప్యాసింజరు బండెక్కి వెళ్లేది. నిరుడు ఆగస్టులో, పిల్ల ఎనిమిదో తరగతిలో ఉండగా, అలాగే రొయ్యల వేపుడు కట్టుకుని వెళ్లింది. పిల్ల అన్నం కలుపుకుంటూ, శుక్రవారం తెలుగు భాషా దినోత్సవమని చెప్పింది. తెలుగు చెప్పే షీబా మేడమ్, ఎవరి పేరు వెనక కథ వాళ్లని రాయమన్నారట. తను రాసింది బాగుందని సభలో చదవమన్నారట. నాన్న కూడా వస్తానన్నాడట.

"కానీ అత్తా, మేడమ్ నిఘంటువు చూశారు. అన్విక అనే మాటే దొరకలేదంట. అంకమ్మ సంస్కృతంలో అన్విక ఎలా అవుతుందో మీ మేనత్తని అడిగి చెప్పు అన్నారు."

దుర్గ ఆ ప్రశ్నకి పదమూడేళ్లుగా భయపడుతూనే ఉంది. తీరా వచ్చాక మళ్లీ పాత దారే తొక్కింది. తనకేం తెలుసనీ, అవనిగడ్డలో తనకి తెలుగు చెప్పిన భుజంగరావు మాస్టారు చెప్పారనీ అంది. ఆయన్ని అడగొచ్చా అంటే, ఆయన పోయి చాలా కాలమైందంది. పిల్ల చేతులు కడుక్కుని వచ్చి, నోటు పుస్తకంలో ఆ పేరు శ్రద్ధగా రాసుకుంది. పేరుకి ముందు 'కీర్తిశేషులు' అని కూడా చేర్చింది.

తిరుగు బండిలో కిటికీ పక్కన కూర్చున్న దుర్గకి మాస్టారు కళ్లముందు మెదిలారు. నిజంగానే ఉండేవారు ఆయన. అవనిగడ్డలో తల్లి దగ్గర చేపలు కొనేవారు. వీధిలో అందరూ "ఏయ్ గంపా" అని కేకేస్తే, ఆయనొక్కరే అరుగు మీద నిలబడి "అంకమ్మగారూ, ఇటు రండి" అని పిలిచేవారు. తల్లి ఆ మాట ఇంటికొచ్చి మురిసిపోతూ చెప్పేది. ఆ పేరుకి 'గారు' తగిలించిన ఒకే ఒక్క మనిషి. ఆ పేరుని తుడిచేసిన పాపం ఇప్పుడు ఆయన మీదకి తోసేసి వస్తోంది. బతికున్నవాళ్లు చాలక చచ్చిపోయినవాళ్లని కూడా పట్టుకున్నానా అనుకునేసరికి కూర్చోలేకపోయింది. గుడ్లవల్లేరులో బండి ఆగగానే దిగిపోయింది. ఆటో పట్టుకుని వెనక్కి వెళ్లింది.

చూసే వేళ అయిపోయిందని వాచ్‌మన్ గేటు తీయనన్నాడు. పిల్లకి ముఖ్యమైన సంగతి ఒకటి తప్పు చెప్పానని, దిద్దాలని బతిమాలితే, గేటు పక్క బల్ల మీద పది నిమిషాలు కూర్చోనిచ్చాడు. అన్విక పరుగెత్తుకుంటూ వచ్చింది. నాన్నకేమైనా అయిందేమోనని మొహం పాలిపోయి ఉంది.

"మాస్టారి పేరు కొట్టెయ్యి తల్లీ. ఆయనేం చెప్పలేదు. నేనే కల్పించాను" అంది దుర్గ. "అన్విక అంటే అంకమ్మ కాదు. కంప్యూటరులో కనబడితే పెట్టేశాను. మీ నాన్న అడిగితే అబద్ధం చెప్పాను."

 పిల్ల జడ చివర రిబ్బను విప్పి మళ్లీ కట్టుకుంది. తర్వాత, మరి నా పేరుకి అర్థమేంటి అని అడిగింది. తనకి తెలియదంది దుర్గ. నానమ్మ పేరు ఎందుకు వద్దనుకున్నావని అడిగింది. నిన్ను బళ్లో ఎగతాళి చేస్తారని భయపడ్డానంది. అది సగం నిజమే. పిల్ల అలాగే చూస్తుంటే మిగతా సగం కూడా బయటికొచ్చింది. ఇంటరులో చేరిన కొత్తలో లెక్చరరు అందరి ముందూ తల్లి పేరు అడిగితే, అంకమ్మ అని చెప్పింది. వెనక బెంచీలో ఎవరో నవ్వారు. ఆ మర్నాటి నుంచి ఎవరడిగినా మా అమ్మ పేరు అంబిక అని చెప్పుకుంది. పెళ్లి శుభలేఖలో కూడా అంబికాదేవి అని అచ్చు వేయించింది. చదవడం రాని తల్లి ఆ శుభలేఖని పసుపు రాసి అవనిగడ్డలో వీధి వీధీ పంచింది.

"ఎగతాళి చేస్తారన్న భయం నా గురించే. నిన్ను అడ్డం పెట్టుకున్నాను" అంది.

అన్విక అత్తని ఓదార్చలేదు, తిట్టలేదు. లేచి నిలబడి ఒక్కటే అడిగింది.

"నాన్నకి నువ్వు చెప్తావా, నన్ను చెప్పమంటావా?"

తనే చెప్తానంది దుర్గ.

సోమవారం షాపులో రద్దీ అనుకుంది. మంగళవారం తలనొప్పి అనుకుంది. బుధవారం వినాయక చవితి. షాపు మూసేశారు, పడవలన్నీ ఒడ్డునే ఉంటాయి, ఇంక సాకు లేదు. అవనిగడ్డ బస్సెక్కి, అక్కడ కోడూరు ఆటో పట్టుకుని, పొద్దెక్కేసరికి పాలెం చేరింది. పండగ పూట ఆడపడుచు వచ్చిందని మాధవీలత సంతోషపడి ఉండ్రాళ్లు పెట్టబోయింది. దుర్గ పళ్లెం అందుకోకుండా అన్నయ్య ఎక్కడని అడిగింది.

పెద్దిరాజు ఒడ్డున వల చిరుగులు కుడుతున్నాడు. పక్కనే ఇసుకలోకి లాగిన పడవ. దుర్గ అతని ఎదురుగా కూర్చుని, ఈసారి ఎక్కడా ఆగకుండా, బియ్యంలో పేరు రాసిన దగ్గర్నుంచి గుడివాడ బల్ల దాకా చెప్పేసింది. శుభలేఖ సంగతి కూడా దాచలేదు. చెబుతున్నంతసేపూ అతని చేతులు వల మీద కదులుతూనే ఉన్నాయి. చివరికి ఆగాయి.

"అయితే అది అమ్మ పేరు కాదన్నమాట" అన్నాడు.

"కాదన్నయ్యా."

"పదమూడేళ్లు. దాన్ని పిలిచినప్పుడల్లా అమ్మని పిలుస్తన్నా అనుకున్నానే."

దుర్గ తల వంచుకుంది. కొట్టినా బాగుండేది అనిపించింది. పెద్దిరాజు లేచి పడవ దాకా వెళ్లి, ముందు భాగాన అక్షరాల మీద చెయ్యి పెట్టాడు.

"ఇక్కడ అమ్మ పేరు గీకించేప్పుడు నువ్వూ ఉన్నావు" అన్నాడు, ఇటు తిరక్కుండా. "కాగితం మీద రాసిచ్చింది కూడా నువ్వే."

 వల చుట్టి భుజాన వేసుకుని ఇంటి వైపు కాకుండా కరకట్ట వైపు వెళ్లిపోయాడు. దుర్గ మధ్యాహ్నం దాకా వదిన దగ్గర కూర్చుంది. మాధవీలత అంతా విని, ఎందుకు చేశావని అడగలేదు. ఆయన ఇంత చిన్న విషయానికి ఇలా ఉంటాడేంటని కూడా అనలేదు. అన్నం పెట్టింది. పెద్దిరాజు తినడానికి రాలేదు. ఆటో దొరకదేమోనని దుర్గే లేచి వచ్చేసింది.

శుక్రవారం బడి ఆవరణలో షామియానా వేశారు. పెద్దిరాజు ఇస్త్రీ చొక్కా వేసుకుని భార్యతో వచ్చాడు. దుర్గ పక్క కుర్చీ ఖాళీగా ఉన్నా, రెండు వరుసలు వెనక్కి వెళ్లి కూర్చున్నాడు. అన్విక వేదికెక్కి కాగితం తీసింది.  ఇంతమందిలో తన పేరు ఇప్పుడు వినబడుతుందని దుర్గ సిద్ధపడింది. వినబడాలనే అనిపించింది కూడా.

"నా పేరు అన్విక. ఈ మాట నిఘంటువులో లేదు. ఎక్కడ పుట్టిందో మా మేడమ్‌కి కూడా తెలియదు. మా నాన్న నాకు పెట్టాలనుకున్న పేరు అంకమ్మ. ఆవిడ మా నానమ్మ. అవనిగడ్డలో చేపలమ్మి మా నాన్ననీ, మా అత్తనీ పెంచింది. ఆ పేరు నాకు ఎందుకు పెట్టలేదో అడిగి తెలుసుకున్నాను. అది మా ఇంటి విషయం, ఇక్కడ చదవను."

తర్వాత నానమ్మ గురించి తండ్రిని ఫోనులో అడిగి రాసుకున్న సంగతులు చదివింది. గంప కింద తలపాగాలా చుట్టుకునే చీర ముక్క, బస్సు కండక్టర్లతో పోట్లాటలు, ఎవరూ కొనని చేపల్ని కొడుక్కి ఇష్టమని చెప్పి పులుసు పెట్టడం. వాటిలో సగం దుర్గకి కూడా తెలియవు. తనని బయటపెట్టకుండా పిల్ల దయ చూపింది. ఆ దయ మోయడం ఆమెకి తిట్టుకన్నా కష్టమైంది. చప్పట్లు కొడుతుంటే చేతులు కలపలేకపోయింది.

సభ అయ్యాక షీబా మేడమ్ దగ్గరికొచ్చి పలకరించింది. ఏ సంగతీ తెలియని మనిషి, మామూలుగానే చెప్పింది. "అంకం అంటే ఒడి అని కూడా అర్థం ఉందండీ. అంకమ్మ పేరుకి అదే మూలమని నేను చెప్పలేను గానీ, వినడానికి ఎంత బాగుంది. కొత్తగా ఉండాలనుకుంటే అంకిత అని కూడా పెట్టుకోవచ్చు. సున్నా కూడా పోదు."

దుర్గ అవునండీ అంది. ఆ రోజుల్లో ఏ తెలుగు మాస్టారినైనా ఒక్క మాట అడిగి ఉంటే సరిపోయేదని ఆమెకి బందరు చేరేదాకా అదే పనిగా తోస్తూనే ఉంది.

పేరు మార్పించుకుంటావా అని ఆ తర్వాత ఒకసారి పిల్లనడిగింది. కాగితాలన్నీ తనే తిరిగి చేయిస్తానంది. అన్విక వద్దంది. "అందరూ ఇలాగే పిలుస్తున్నారు కదత్తా. నేను పలుకుతున్నాను. ఇప్పుడు ఇది నాదే" అంది. పెద్దిరాజు మాత్రం కొన్నాళ్లు కూతుర్ని ఏ పేరూ పెట్టకుండా "అమ్మాయ్" అని పిలిచాడని మాధవీలత చెప్పింది. దసరా సెలవులకి పిల్ల ఇంటికొచ్చి, నాన్నా, నా పేరు పెట్టి పిలువు, అని అడిగితే అప్పుడు పిలిచాడట. మునుపటిలా పిలిచి ఆగడం లేదట.

ఈ మాఘంలో అంకమ్మ ఆబ్దికానికి దుర్గ వెళ్లింది. రావద్దని ఎవరూ అనలేదు. తెల్లారకముందే లేచి వంటంతా తనే చేసింది. పెద్దిరాజు పిండాలు పెట్టి, దుర్గని పిలిచి నమస్కారం చేసుకోమన్నాడు. బయల్దేరేటప్పుడు బస్సు వేళ చెప్పి, ఆటోలో చేపలు పెట్టించాడు.

అన్నాచెల్లెళ్లు విడిపోలేదు. ఆదివారం ఫోను చేస్తే ఎత్తుతాడు, గాలి ఎటుందో, ఏం పడ్డాయో చెబుతాడు. కాకపోతే బ్యాంకు నుంచో, మత్స్యశాఖ నుంచో కాగితం వస్తే ఇదివరకు బందరు పంపించి దుర్గ చేత చదివించుకునేవాడు. ఇప్పుడు కోడూరులో ఎవరి చేతనో చదివించుకుంటున్నాడని, ఆ మనిషి చదివాక చిన్న కూతురి చేత ఇంకోసారి చదివిస్తున్నాడని, షాపులో ఉండగా వదిన చేసిన ఫోనులో తెలిసింది. దుర్గ ఆ సంగతి అడగలేదు. అడిగే హక్కు తనకి లేదనుకుంది. ఫోను పెట్టేసి, ఎదురుగా నిలబడ్డ ముసలావిడ దరఖాస్తు అందుకుని, పేరు చెప్పమని అడిగింది.